దమ్ పెట్టిన పూట

మాబున్ని ఆ ఆదివారం తస్బీని గురువుకు తిరిగిచ్చేయాలని బయల్దేరింది.

తస్బీ అంటే నల్లపూసల జపమాల. దాన్ని కొంగున ముడేసుకుంది. ఆ గురువు, జలాల్ తాత, ఉండే రాతిగది కొండవాలులో ఉంది, మెట్లెక్కాలి. ఎక్కుతా ఎక్కుతా మధ్యలో కూలబడింది పాపం. వయసు మీరిన మనిషేం కాదు. ఇద్దరు ఆడపిల్లల తల్లి, అంతే. కానీ వారమంతా బట్టల కంపెనీలో కుట్టుమిషను ముందు వంగి వంగి, ఇంటికొచ్చి పొయ్యి ముందు నిలబడి నిలబడి, ఒళ్లు హూనమైపోయింది. దేవుడి దగ్గరికి పోవాలంటే కూడా మోకాళ్లు ఒప్పుకోవాలి గదా!

ఇక జలాల్ తాత సంగతి. ఏ కులమోళ్లయినా ఏ మతమోళ్లయినా ఆయన్ను తాతా అనే పిలుస్తారు. అడిగినదానికి నేరుగా జవాబు చెప్పిన పాపాన ఎన్నడూ పోలేదు. మాబున్ని పోయేసరికి గడప మీద కూర్చుని తెగిన చెప్పుకు బొటనవేలు దూర్చే ఉంగటం కుట్టుకుంటున్నాడు.

"తాతా, ఇది మీరే పెట్టుకోండి. నా చేత కాదు" అంది మాబున్ని.

"ఏమైంది?"

"దమ్ము దమ్ముకూ దేవుని పేరు తలుచుకోమని చెప్తిరి. నాకు దమ్ము తీసుకునేదానికే పొద్దు చాలడం లేదు. చీకటితో లేస్తా. పిల్లోళ్లకు క్యారేజీలు కట్టి, కంపెనీ బస్సు కోసం పరిగెత్తుతా. దీపాలు పెట్టే వేళకు ఇల్లు చేరితే వంట. మా అత్తకు కారం పడదు, ఆయనకు కారం లేంది ముద్ద దిగదు. అంట్లు తోమి, చాప పరుచుకుని ఈ పూసలు చేతికి తీసుకుంటానా, తల వాలిపోతాది. నిద్రమొగం పెట్టుకుని పిలిస్తే దేవునికి మాత్రం మర్యాదగా ఉంటాదా?"

కొంగుముడి తడుముకుంది. "అలిసిపోయినా తాతా" అంది.

తాత సూది దారం కొరికి తెంపాడు. "సరే, తీసుకుంటా" అన్నాడు.

మాబున్ని గుండె గతుక్కుమంది. ఒద్దమ్మీ, నీ దగ్గరే ఉంచుకో అంటాడని లోపల్లోపల ఆశపడింది మరి.

"అయితే ఇట్లా గడప మీద కాదు. ఇచ్చింది వెనక్కి తీసుకోవాలంటే ఆ ఇంట్లో ఒక పూట తినాల. మా గురువు పెట్టిన పద్ధతి. బుధవారం సాయంత్రం వస్తా" అన్నాడు తాత.

"బుధవారమా! కంపెనీ ఉంటాది తాతా. వచ్చే ఆదివారం రండి, బిర్యానీ చేస్తా."

"ఆదివారం ఎవరైనా పెడతారు. బుధవారం వస్తా. కోడి అయితే మంచిది, ఇంకా పళ్లున్నాయి" అని నవ్వాడు.

మూలిగే నక్క మీద తాటిపండు పడడమంటే ఇదే. ఆ రోజు నుంచి మాబున్నికి ఒకటే రంధి. గురువు ఇంటికొస్తుంటే ఉత్త కూరా అన్నమా? నలుగురూ ఏమనుకుంటారు? కోడి పులుసొకటి, వేపుడొకటి, బగారన్నం, గోధుమ పాయసం, అత్తకు వేరేగా చప్పటి చారు. బుధవారం మిషను ముందు కూడా అదే ఆలోచన. ఆ ఆలోచనలో చొక్కా కాలరు తిరగేసి కుట్టి సూపర్‌వైజరు చేత చీవాట్లు తింది.

బస్సు దిగి ఇల్లు చేరేసరికి తాత అప్పటికే నులకమంచం మీద కూర్చుని ఉన్నాడు. పక్కన మాబున్ని మొగుడు మౌలాలి. ఆటో తోలుకుంటాడు, మంచివాడే. కోడిని కొట్టించి తెచ్చి గిన్నెలో పెట్టి తన పని అయిపోయిందనుకున్నాడు. వంటింట్లో ఆయనకు తెలిసింది నీళ్లకుండ ఒక్కటే.

"ఏమ్మే, గురువొచ్చి ఎంతసేపాయె! ఇప్పుడా వచ్చేది?" అంది అత్త కాశింబీ.

మాబున్ని గుక్కెడు నీళ్లయినా తాగలేదు. తాత కాళ్లకు మొక్కి, కొంగు నడుముకు దోపి వంటింట్లో దూరింది. బియ్యం కడిగి నానేసింది. ఉల్లిగడ్డలు తరిగింది. అటక మీది గిన్నెలన్నీ దించింది. చూస్తే ఉన్నది రెండు పొయ్యిల స్టవ్వు. అందులో ఒకటి గాలి తగిలితే ఆరిపోతుంది. పులుసు ముందు పెట్టాలా, అన్నం ముందు పెట్టాలా? బయట అత్త ఏదో అడుగుతోంది. పెద్దపిల్ల ఏదో అడుగుతోంది. డబ్బా మూత తీసింది. మళ్లీ పెట్టింది.

కొబ్బరిచిప్ప చేతిలో పట్టుకుని, దాన్నెందుకు తీసిందో గుర్తురాక అట్లాగే నిలబడిపోయింది. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. ఉల్లిగడ్డల మీదికి నెట్టేద్దామంటే అవి తరిగి చాలాసేపైంది.

వెనకనించి తాత గొంతు వినిపించింది. "అమ్మీ, ఆకలైతాంది."

"అయిపోతాంది తాతా, ఇంగ కొంచెం సేపే..."

"ఏది అయిపోతాంది? కోడా, నువ్వా?"

తాత ఆమె చేతిలోని కొబ్బరిచిప్ప తీసి గూట్లో పెట్టాడు. పరిచిన గిన్నెల్లో అన్నిటికన్నా పెద్దది ఎంచుకున్నాడు. మిగతావన్నీ గోడవారకు జరిపేశాడు.

కోడి ముక్కలు అందులో వేశాడు. పెరుగు కుమ్మరించాడు. అల్లం వెల్లుల్లి ముద్ద, కారం, పసుపు, ఉప్పు, గరిటెడు నూనె. తరిగిన ఉల్లిగడ్డలు పచ్చివే వేసి, టమాటాలు చేత్తో చిదిమి, అంతా కలిపాడు. ఆ పైన నానిన బియ్యం పరిచి, పుదీనా తుంచి జల్లి, కొలిచి నీళ్లు పోసి పొయ్యి మీద పెట్టాడు. చేతులు దులుపుకున్నాడు.

"అంతేనా?" అంది మాబున్ని నోరు తెరిచి.

"ఇంగేం కావాల?"

"ఉల్లిగడ్డలు వేయించల్యా. మసాలా నూరల్యా. కూర ఒకపక్క, అన్నం ఒకపక్క చేయాల గదా తాతా? అన్నీ ఒకేదాంట్లో పడేస్తే ఇదేం భోజనం, అదీ గురువుకు!"

"కడుపులోకి పోయినాక ఏది యాపక్కుంటాది?"

గడప దగ్గర నిలబడి చూస్తున్న మౌలాలి కిసుక్కున నవ్వాడు. మాబున్ని ఉరిమి చూసేసరికి నోరు మూసుకున్నాడు.

గిన్నె కుతకుతమని పొంగొచ్చింది. తాత మంట తగ్గించి, గిన్నె కింద పెనం పెట్టి, మూత వేశాడు. మాబున్ని చెయ్యి ఊరుకోదే! మూత తీసి చూసింది. వేసింది. మళ్లీ తీసింది.

"నీళ్లు చాలతాయా తాతా?"

తాత పిడికెడు గోధుమపిండి తడిపి, తాడులాగా పేని, మూత చుట్టూ అతికించాడు. సందు లేకుండా వేలితో నొక్కాడు.

"దమ్ పెట్టినా" అన్నాడు.

ఇక చూసేదానికేం లేదు. మాబున్ని గిర్రున తిరిగి అంట్లగిన్నెల వైపు అడుగేసింది.

"కదలొద్దు!" అని గట్టిగా అన్నాడు తాత.

ఎక్కడివాళ్లక్కడ ఉలిక్కిపడ్డారు. ఆయన గొంతెత్తి మాట్లాడగా ఆ ఇంట్లో ఎవరూ వినలేదు.

"కోడిని దమ్‌లో పెట్టినాక ఇంట్లో ఎవరూ నడవకూడదు. నేల అదిరితే అన్నం ముద్దైపోతాది. యాడుండేవాళ్లు ఆడ్నే కూర్చోండి. మాట కూడా వద్దు."

ఇల్లు ఊడ్చలేదని కోడలికి చెప్పబోతున్న కాశింబీ నోరు మూసుకుని గోడకు ఆనుకుంది. మౌలాలి తనే పోయి టీవీ ఆపేసి, దొంగలాగా మునివేళ్ల మీద వచ్చి కూర్చున్నాడు. పిల్లలు పలకరించుకోకుండా పుస్తకాలు ముందేసుకున్నారు. గురువు మాటాయె. పైగా కోడి విషయం!

మాబున్ని బియ్యం మూటకు వీపు ఆనించి కింద కూర్చుంది.

"ఆ తస్బీ చేతిలో పెట్టుకో. తిన్నాక ఇద్దువు" అన్నాడు తాత మెల్లగా. తను గడప పక్కన కూర్చుని కళ్లు మూసుకున్నాడు.

కొంగుముడి విప్పి పూసలు తీసుకుంది మాబున్ని. కాళ్లు చాపుకుని కూర్చోవడం కూడా వింతగా ఉంది. నేల మీద ఉల్లిపొట్టు కనబడితే ఏరబోయి చెయ్యి వెనక్కి తీసుకుంది. రేపటి క్యారేజీల గురించి ఆలోచన వచ్చింది. కాలరు గురించి వచ్చింది. గిన్నె వైపు చూసింది. పిండి వేసిన మూత, ఎంత చూసినా మూతే కనిపిస్తుంది. లోపల ఏం జరుగుతోందో ఆమె చేతిలో లేదు.

ఆ వేళప్పుడు ఆ ఇల్లు అంత నిమ్మళంగా ఎన్నడూ లేదు. పెనం మీద గిన్నె సన్నగా రొద చేస్తోంది. అత్త ఊపిరి, పిల్లలు పేజీ తిప్పడం వినిపిస్తున్నాయి. పుదీనా వాసన ఎట్లా బయటికొచ్చిందో వచ్చింది. మాబున్ని ఒక పూస వేలి కిందికి జరిపింది. ఊపిరి లోపలికి పోయింది. తొందరేం లేదన్నట్టు కాసేపుండి బయటికొచ్చింది. ఎవరూ తరమడం లేదు. ఇంకేం కావాలి, ఏడుపొచ్చినంత సుఖంగా ఉంది ఆమెకు.

తర్వాత ఏమైందో తెలియదు.

"అబ్బ, లేపొద్దులేమ్మీ, పండుకోనీ" అని ఎవరో గుసగుసగా అన్నట్టు కలలాగా వినిపించింది. అది అత్త గొంతులాగే ఉంది.

కళ్లు తెరిచేసరికి పొయ్యి ఆర్పేసి ఉంది. తాత గరిటె కాడతో మూత చుట్టూ ఎండిన పిండిని కొడుతున్నాడు. మూత లేవగానే ఆవిరి గుప్పుమంది. మెతుకుకు మెతుకు విడివిడిగా ఉంది. ముక్క వేలితో తాకితే ఎముక వదిలేసింది. మాబున్ని గిన్నెలోకి తొంగిచూసి, ఇది తన ఇంట్లో ఉడికిందేనా అన్నట్టు అందరి మొహాలూ చూసింది.

అందరూ కలిసి కూర్చుని తిన్నారు. మాబున్ని కూడా. వడ్డించి వడ్డించి ఆఖరున చల్లారింది తినే మనిషి, ఆ పూట వేడన్నం తింది. "కారం కొంచెం ఎక్కువైంది" అంటూనే కాశింబీ మళ్లీ పెట్టించుకుంది. అడుగంటినదంతా తాత తన పళ్లెంలో గీకించుకున్నాడు.

చేతులు కడుక్కున్నాక మాబున్ని ఆయన ముందుకొచ్చి నిలబడింది. తస్బీ ఉన్న చెయ్యి చాపింది.

"మళ్లీ నిద్రపోయినా తాతా. మీ ముందరే. చూసినారు గదా."

"చూసినా."

"మరి తీసుకోండి."

తాత తీసుకోలేదు. "ఎన్ని పూసలు తిప్పినావు?" అని అడిగాడు.

"ఒక్కటే" అంది తలొంచుకుని.

"ఆ ఒక్కటీ సరిగా తిరిగిందా?"

మాబున్ని చాపిన చెయ్యి మెల్లగా వెనక్కి వచ్చింది. కొంగు చివర పట్టుకుని, తస్బీని అందులో పెట్టి, గట్టిగా ముడేసుకుంది.

తాత గడప దాటి, కుట్టిన చెప్పులో కాలు దూర్చుకుంటున్నాడు. మాబున్నికి ఏదో అనుమానం వచ్చి వెంటపడింది.

"తాతా, నిజం చెప్పండి. నేల అదిరితే అన్నం చెడిపోతాదా?"

ఆయన వీధి మలుపు దాకా పోయి, అప్పుడు వెనక్కి తిరిగాడు.

"అన్నానికేం కాదులేమ్మీ."