ముగ్గు లేని వాకిలి

మా పక్కింటి లింగమూర్తి మాస్టారు అడిగిన నాడే జవాబు చెప్పే మనిషి కాదు. కాలేజీలో లెక్కలు చెప్పడం మానుకున్నాక, మనుషులూ కథా లేకుండా ఉత్త తెలుపూ నలుపూ గీతలతో చిన్న చిన్న సినిమాలు తీసేవారు. కిరీటి ఆయన శిష్యుడు. ఒక సాయంత్రం మా అరుగు మీద కూర్చుని అడిగాడు.

“ఉన్నదాన్ని తెర మీద చూపిస్తాం. ఏమీ లేకపోవడాన్ని, సున్నాని, ఎలా చూపించాలి మాస్టారూ?”

మాస్టారు కండువా దులుపుకుని ఇంటికి వెళ్లిపోయారు. వాడికి ఓపిక లేదు. మర్నాడు పొద్దున్నే కెమెరాతో మా వాకిట్లో దిగి నా ముగ్గుని సినిమా తీసుకున్నాడు. తీసుకోనీ, ఈ వీధిలో చుక్క వంకర పోని ముగ్గు నాదొక్కటే.

“ఇప్పుడిది లేకుండా కావాలి పిన్నిగారూ.”

“చెయ్యి వేశావంటే విరుస్తాను” అన్నాను.

లోపల మా ఆయన మంచం పట్టి నెల దాటింది. ఆ పొద్దున దిండుకి ఆనుకుని కూర్చుని, నోరు తెరిచి కాఫీ అడిగారు. నేను వంటింట్లోకి పరుగెత్తాను. ఇటు వాడు బకెట్టుడు నీళ్లు కుమ్మరించి, చీపురుతో ఊడ్చి, ఉత్త నేలని కెమెరాతో తీసుకుంటూ కూర్చున్నాడు. చావు జరిగిన ఇంటి ముందు ముగ్గు వెయ్యరని వాడికి తెలియక కాదు. వాడి బొమ్మ వాడికి ముఖ్యం.

పాలు పోసే నాగమణి వాకిలి చూసింది. “అయ్యో, సాంబయ్య బాబో” అని మా ఆయన పేరున శోకం ఎత్తుకుంది. నేను గ్లాసుతో వచ్చేసరికి వీధి వీధంతా గుమ్మంలో ఏడుస్తోంది. పాడె కట్టడానికి వెదుళ్లకి మనిషిని కూడా పంపారు.

“బతికే ఉన్నారు, నోళ్లు మూయండర్రా!” అని అరిచాను.

ఆయన అన్నీ విన్నారు. కాఫీ అందుకోలేదు.

“అందరికీ చెప్పి నాకొక్కడికీ దాచావా? డాక్టరు ఏమన్నాడు?”

ఏమీ అనలేదని ఒట్టు వేశాను. గోడవైపు తిరిగి పడుకున్నారు. మళ్లీ ముద్ద ముట్టలేదు. ఆ వారంలోనే నేను నిజంగా ముగ్గు మానవలసి వచ్చింది.

ఆ రోజు మాస్టారి వెనకాలే వాడూ వచ్చాడు. ఈనాటికీ వాడికి నా ఇంట మంచినీళ్లు పుట్టవు.

“నేనక్కడ ఏమీ గీయలేదు మాస్టారూ, ఏమీ రాయలేదు. ఉన్నది చెరిపానంతే” అని ఏడ్చాడు.

మాస్టారు ఆ వట్టి నేలకేసి వేలు చూపించారు.

“అయితే వెళ్లు నాయనా. వీధంతా చదివినదాన్ని కూడా చెరిపేసి రా” అన్నారు.