చెంగమ్మకి నచ్చని నూకరత్నం

అనగనగా, గోదావరి కాలవ ఒడ్డున ఓ ఊళ్ళో నూకరత్నం అని ఓ చిన్నపిల్ల ఉండేదట. ఊఁ కొట్టు బంగారం, అప్పుడే నిద్రపోకు.

కోతలయ్యాక, చేలల్లో రాలిన గింజల కోసం ఆ ఊరికి బాతులు మేపేవాళ్ళొచ్చారు. వాళ్ళతో చెంగమ్మ అని ఓ పిల్ల వచ్చింది, నూకరత్నం కన్నా కాస్త పెద్దది. అది కర్ర ఊపి "బా బ్బా బ్బా" అంటే చాలు, చేను నిండా ఉన్న బాతులన్నీ తోకలూపుకుంటూ దాని వెంట నడిచేవి. నూకరత్నం నోరు తెరుచుకుని చూసింది. అంతే! చెంగమ్మంటే ప్రాణమైపోయింది.

మర్నాడు వాళ్ళమ్మ దాచిన తాటి తాండ్ర ముక్క పట్టుకెళ్ళి ఇచ్చింది. చెంగమ్మ తినేసింది. తిని, అటు తిరిగి కూర్చుంది.

తీపి చాల్లేదేమో అనుకుంది నూకరత్నం. అప్పుడు జడలోని ఎర్ర రిబ్బను విప్పి ఇచ్చింది. చెంగమ్మ దాన్ని తీసుకెళ్ళి కుంటి బాతు మెడకి కట్టేసింది.

ఆ తర్వాత ఇవ్వడానికేం లేక, ఎండలో బాతుల వెనకే తిరిగింది. తప్పిపోయిన బాతుపిల్లని బురదలో దిగి పట్టుకొచ్చింది. చెంగమ్మ దాన్ని అందుకుని, "రేపట్నించి రాకు" అంది.

"ఎందుకూ? నేనేం చేశాను?"

"ఏం చెయ్యలేదు. నువ్వు నాకు నచ్చలేదు."

"ఎందుకు నచ్చలేదు?"

చెంగమ్మ బాతుపిల్లని మందలోకి వదిలింది. "ఏమో, నాకేం తెలుసు?" అని వెళ్ళిపోయింది.

తిట్టుంటే నూకరత్నం ఏడ్చేది. కొట్టుంటే తిరిగి కొట్టేది. మరి ఇదేమిటీ? బురద కాళ్ళతోనే ఇంటికెళ్ళింది.

"అమ్మా, నేనేం చేస్తే దానికి నచ్చుతాను?"

వాళ్ళమ్మ దాని కాళ్ళు కడుగుతూ, "నీకు నచ్చడానికి అదేం చేసిందే?" అంది.

"ఏం చెయ్యలేదు. ఊరికే నచ్చేసింది."

"దానికీ అంతేనమ్మా, నువ్వు ఊరికే నచ్చలేదు."

"మరి నాకింత ఇష్టం ఉందే! దీన్నేం చెయ్యను?"

వాళ్ళమ్మ చెంగుతో కాళ్ళు తుడిచి ఒళ్ళోకి లాక్కుంది.

తెల్లారి నూకరత్నం అరుగు మీద కూర్చుంది. చేలవైపు నుంచి బాతుల అరుపులు వినిపిస్తూనే ఉన్నాయి. ఇష్టమా, పోలేదు. కోపమా, రాలేదు. 'నేను వెళ్ళకపోవడమే దానికి కావాలి కాబోలు. సరే, అదే ఇస్తాను' అనుకుంది.

ఇవ్వడమంటే ఇలా కూడా ఉంటుందా అని దానికే వింతగా ఉంది. ఏమీ పాలుపోక, కాళ్ళూపుకుంటూ అక్కడే కూర్చుండిపోయింది.

కథేమో కంచికి, మనమేమో ఇంటికి,
చందమామ మింటికి, నిద్దరమ్మ కంటికి.