దీమపు జింక చుక్కి

అనగనగా, మీ తాతకి తాత ఇంకా పుట్టని రోజుల్లో, అడవి అంచున ఒక వేటగాళ్ళ ఊరు. ఊ కొట్టు మరి! నువ్వు ఊ కొట్టకపోతే కథ దారి తప్పిపోతుంది.

ఆ ఊళ్ళో గురవన్న అని ఒక వేటగాడు. వాడి పెళ్ళాం సుంకులమ్మ. ఒకరోజు గురవన్న తల్లి లేని జింకపిల్లను చంకలో పెట్టుకొచ్చాడు. ఒళ్ళంతా తెల్లచుక్కలే! సుంకులమ్మ దానికి చుక్కి అని పేరు పెట్టి, రాగి అంబలి వేలితో నాకించి పెంచింది.

ముద్దుకి తెచ్చాడనుకున్నావా? అబ్బే, దీమానికి తెచ్చాడు. దీమం అంటే ఏం లేదమ్మా, పెంపుడు జింకను అడవిలో కట్టేస్తారు. అది ఒంటరిగా అరుస్తుంది. ఆ అరుపు విని అడవి జింకలు వస్తాయి. పొదలో దాక్కున్నవాడు బాణం వేస్తాడు. అదీ సంగతి.

చుక్కి పెద్దదైంది. ఊరినిండా మేకలే, కుక్కలే, కోళ్ళే. జింక మాత్రం అదొక్కతే. మేకల దగ్గరికి పోతే కొమ్ములు విసిరేవి. తనలాంటిది ఒక్కటి తోడుంటే చాలని దాని ఆశ.

అప్పుడు గురవన్న దాన్ని వాగు ఒడ్డున కట్టేశాడు. చుక్కి అరిచింది. ఒక మగజింక వచ్చి దాని మెడ వాసన చూసింది. చుక్కికి ఎంత సంతోషమో! అంతలో జుయ్యిమని బాణం.

ఆ తర్వాత ఇంకోసారి కట్టేశాడు. ఈసారి ఒక పడుచు లేడి వచ్చి చుక్కి చెవి నాకింది. రెండుసార్లే నాకింది పాపం. మళ్ళీ బాణం.

ఇంటికొచ్చి చుక్కి అంబలి ముట్టలేదు. సుంకులమ్మకి ఒళ్ళు మండింది. "నువ్వూ నీ దీమమూ! నోరులేనిదాని చేత అబద్ధాలు ఆడిస్తావేం?" అంది.

"ఓయబ్బ, కూరలో ముక్క తగ్గితే మూతి తిప్పేది ఎవరో!" అన్నాడు గురవన్న.

మూడోసారి కట్టేశాడు. చుక్కి నోరు మెదపలేదు. అయినా దాన్ని ఒంటరిగా చూసి ఒక తల్లిజింక జాలిపడి వచ్చింది, వెంట బుల్లి పిల్ల. ఆ పిల్ల తిన్నగా వచ్చి చుక్కి పొట్ట కింద దూరింది. వెచ్చగా ఉంది. ఇంకొక్క క్షణం ఉండనిద్దామా అనుకుంది చుక్కి. పొద కదిలింది.

అప్పుడు చుక్కి తోక పైకెత్తి, ముందుకాలు నేలకేసి టప్‌టప్‌మని కొట్టింది. పారిపొమ్మని జింకల భాష. దానికి ఎవరూ నేర్పలేదు సుమా! తల్లీ పిల్లా ఒక్క దూకులో మాయం. బాణం బురదలో దిగింది.

గురవన్న కత్తి పట్టుకుని వచ్చాడు. కాలు కొట్టి వేటని తరిమేసిన దీమపు జింక ఇంక దేనికీ పనికిరాదు. కానీ వాళ్ళకొక కట్టుబాటుంది, తమ ఇంటి అంబలి తాగిన గొంతు కొయ్యకూడదని. ఏం చేస్తాడు? తాడు కోసి, "పోవే తల్లీ, నీవాళ్ళ దగ్గరికే పో" అన్నాడు.

పోయింది. మొదటి మంద దాని ఒంటి మీది పొగవాసనకి బెదిరి పరుగెత్తింది. రెండో మందా అంతే. మూడో మందలో ఆ బుల్లిపిల్ల ఉంది. అది చెవులు రిక్కించి చూసింది. తల్లి దాన్ని మూతితో నెట్టుకుని వెళ్ళిపోయింది.

చుక్కి ఆ మందకి దూరంగా, ఒక్కతే మేసేది. మనిషి వాసన దానికి తెలిసినట్టు అడవిలో ఇంకెవరికి తెలుసు? గురవన్న కొండ ఎక్కకముందే టప్‌టప్‌! అంతే, మంద అవతలి లోయలోకి పారిపోయేది.

దగ్గరికి వచ్చాయా అంటావా? లేదమ్మా, ఒక్కటీ రాలేదు. కానీ చుక్కి కాలు కదపనంతసేపూ ఆ మందలో ఒక్క జింకా తల ఎత్తేది కాదు. అంత నిశ్చింతగా మేసేవి.

చుక్కి అడవిలోకి, కథ కంచిలోకి,
నువ్వు దుప్పట్లోకి, నేను నీ పక్కలోకి.