ఊఁ కొట్టని ఫోను

ఊఁ కొట్టు బుజ్జీ, ఊఁ కొడితేనే కథ నడుస్తుంది. అనగనగా సముద్రానికి దగ్గరగా ఒక ఊళ్ళో నాంచారమ్మ అని, బుర్రకథ చెప్పే ఆవిడ ఉండేది. నా కథలాగే ఆవిడ కథా ఊఁ లేకపోతే నడిచేది కాదు.

ఏటా తిరునాళ్ళకి పందిట్లో ఆవిడ కథే. ఆ ఏడు తిరునాళ్ళ పెద్ద వీరాస్వామి వచ్చి అరుగు మీద కూర్చున్నాడు.

"అక్కా, కుర్రకారు డీజే కావాలంటున్నారు. ఫోనులో నీ కథ వెయ్యిమంది చూశారని చూపించు, పందిరి నీదే."

"వినేవాళ్ళని ఫోనులో వెతుక్కోవాలా నేను?"

"వెతకక్కర్లేదక్కా. అందరూ అందులోనే ఉన్నారు."

అప్పుడు నాంచారమ్మ మంచి చీర కట్టుకుని, తంబురా భుజాన వేసుకుని, కోడలు స్వరూపని ఫోను పట్టుకోమంది. మొదటి మాట చెప్పి ఆగింది. ఫోను ఏమీ అనలేదు. ఆవిడా ఏమీ అనలేదు.

"అత్తా, చెప్పు మరి."

"దాన్ని ఊఁ అననీ."

ఆ వీడియోలో ఆవిడ ఊరికే నిలబడి ఎదురుచూస్తూ ఉంది. పదకొండుమంది చూశారు. తొమ్మిదిమంది చుట్టాలే.

ఆ తర్వాత స్వరూప ఒక ఉపాయం చేసింది. ఇంకో వీడియో తీసి, ఎక్కడివో నవ్వులు, చప్పట్లు తెచ్చి దానికి అతికించింది. కథలో రాణి బిడ్డ ఏట్లో కొట్టుకుపోయే చోట నవ్వులు వచ్చి పడ్డాయి.

"బిడ్డ పోతే నవ్వే ఊరు ఎక్కడుందే? తీసెయ్" అంది నాంచారమ్మ.

తిరునాళ్ళకి ఇంక మూడు రోజులే ఉంది. అప్పుడు ఆవిడ తంబురా తీసుకుని, స్వరూపని వెంటబెట్టుకుని రొయ్యల షెడ్డుకి వెళ్ళింది. అక్కడ నలభైమంది ఆడవాళ్ళు రొయ్యలు వలుస్తున్నారు. చేతులకి తీరిక లేదు గానీ చెవులు ఖాళీ. స్వరూప ఫోనుని ఐసు పెట్టె మీద నిలబెట్టింది.

నాంచారమ్మ మొదటి మాట చెప్పింది. షెడ్డు మొత్తం "ఊఁ" అంది. ఇంక కథ ఆగలేదు. ఒక్క చోట మాత్రం ఓ మూల ఊఁ తగ్గింది.

"ఏమే దుర్గా, రొయ్యకి తీసినట్టు నా కథకీ తల తీసేస్తావా? ఊఁ కొట్టు" అంది. అందరూ నవ్వారు. అదే ఊపులో ఫోను వైపు తిరిగి, "నీకూ చెప్తున్నా. వింటున్నావా?" అని అడిగింది.

సాయంత్రానికి ఆ వీడియో కింద ఒకటే అక్షరం. ఊఁ. ఊఁ. ఊఁ. ఒకరు బస్సులోంచి, ఒకరు గల్ఫులో వంటింట్లోంచి. నాలుగువేలు దాటాయి.

స్వరూప చదువుతుంటే నాంచారమ్మ వేలితో ఆ అక్షరాన్ని తడిమి చూసింది. "ఈ ఫోనువాళ్ళకి నోరు వేళ్ళలో ఉందన్నమాట" అంది.

వీరాస్వామి మళ్ళీ వచ్చాడు. "పందిరి నీదే అక్కా."

"డీజే నా కథ అయ్యాక పెట్టుకోమను. నాకూ చూడాలనుంది."

తిరునాళ్ళ రోజున పందిట్లో జనం ఊఁ అన్నారు. ఫోనులో వచ్చిన ఊఁలని స్వరూప పక్కన నిలబడి గొంతెత్తి చదివింది. అలా చదివి చదివి, ఆ కోడలే అత్తకి వంత అయింది.

వింటున్నావా బుజ్జీ?

ఊఁ రాలేదు. సరే.

కథేమో కంచికి,
ఊఁ ఏమో మంచానికి,
మనమేమో కలలింటికి.