గడప దాటని గారెలు

ఒకానొక రాజ్యంలో, దాని పేరు కుంభగిరి అనుకోండి, చండవిక్రముడనే రాజు ఉండేవాడు. ఆయనకు ఇద్దరు బావమరుదులు, ఇద్దరూ మంత్రులే. కొలువులో రాజుగారి కుడిపక్కన ఎవరు కూర్చోవాలని వాళ్ళకు రోజూ పేచీ. ఇంకో పీట వేయిస్తే పోయేది. రాజుగారు అలా చేయలేదు. రాజ్యాన్నే రెండు ముక్కలు చేసి, తూర్పు పెద్ద బావమరిదికీ పడమర చిన్న బావమరిదికీ ఇచ్చేశారు.

ముక్కలు చేసే పని ఆలోచనా మండలికి అప్పగించారు. అందరూ బాగా చదువుకున్న పెద్దలు. దేశపటం నేలమీద పరిచారు. ఈ చివర కొండ, ఆ చివర ఏరు. మధ్యన పసుపు పూసిన తాడు బిగించి లాగి ఠప్పున వదిలారు. అంతే, గీత పడిపోయింది.

"నా గీత ఎవరి కోసమూ వంగదు" అని రాజుగారు దండోరా వేయించారు. ఇద్దరు మంత్రుల ముద్రలూ లేనిదే మనిషి గానీ వస్తువు గానీ దాటకూడదని, గీత పొడుగునా రెండు వైపులా కాపలా ఉండాలని అన్నారు.

ఆ గీత ఒక కాలువను అడ్డంగా కోసింది. కాలువకు ఎగువన, తూర్పు ముక్కలో మొగదలపాడు; దిగువన, పడమర ముక్కలో కొసపాలెం. ఏటా తొలకరికి ముందు రెండూళ్ళ వాళ్ళూ పారలు పట్టుకుని కాలువలోకి దిగేవారు. బావా, మామా అని పిలుచుకుంటూ, ఒకర్నొకరు ఆట పట్టించుకుంటూ మొగదల నుంచి కొస దాకా పూడిక తీసేవారు. గీత కోసిన కాలువ కాబట్టి ఇప్పుడు అందులో దిగడానికే లేదాయె. పూడిక తీయకపోతే కొసపాలేనికి నీళ్ళు రావు, నీళ్ళు రాకపోతే ఆ ఏడు నాట్లు లేనట్టే.

కొలువులో మైలారప్ప అనే ముసలి విదూషకుడు ఉండేవాడు. పుట్టింది కొసపాలెంలోనే, చెల్లెలు ఇంకా అక్కడే సేద్యం చేసుకుంటోంది. ఆయన రాజుగారి ముందు చేతులు కట్టుకున్నాడు.

"ప్రభూ, పూడిక తీసేదాకైనా గీత సడలించండి."

"నీకు నవ్వించే పని ఇచ్చాను గానీ ఏడ్చే పని ఇవ్వలేదే. మండలి వారు దానికీ ఉపాయం చూశారులే."

మండలి పెద్ద గొంతు సవరించుకున్నాడు. "కాలువ పక్కనే, సరిగ్గా గీత మీద, ఐకమత్య స్తంభం నిలబెట్టాం. ఏడాదికోసారి ప్రజలు వచ్చి, ఎవరి వైపు నుంచి వారు దణ్ణం పెట్టుకుంటారు."

"మరి నీళ్ళో?"

"అది వచ్చే ప్రణాళికలో."

సభంతా నవ్వింది. రాజుగారికి ఇంకా హుషారెక్కింది. "అంత బాధగా ఉంటే సరిహద్దు రాళ్ళు నువ్వే పాతించు మైలారప్పా. గీత ఎలా పోతే అలా. జానెడు పక్కకు జరిగినా ఊరుకోను."

"చిత్తం" అన్నాడు మైలారప్ప.

ఇంటికెళ్ళి పటం విప్పాడు. మండలి వారు కోటను శనగగింజంత చుక్కగా వేశారు. పసుపు గీత ఆ చుక్క మీదుగానే పోయింది. ఒక్కరూ చూసుకోలేదు. గీతలనేవి కోటలో ఉన్నవాళ్ళకు కూడా తగులుతాయని వాళ్ళకు తడితే కదా.

ఇంకేం, కొండ దగ్గర మొదలుపెట్టి వరసగా రాళ్ళు పాతించుకుంటూ వచ్చాడు. కోటగోడ లోపలికి పోనిచ్చి, వంటశాలకూ భోజనశాలకూ మధ్యనున్న గడప మీద ఒక రాయి దించాడు. ఆజ్ఞ ప్రకారం రాయికి ఇద్దరు కాపలా, అటొకడు ఇటొకడు.

మధ్యాహ్నం రాజుగారు విస్తరి ముందు కూర్చున్నారు. నేతి గారెల వాసన వస్తోంది. గారెలు రావడం లేదు.

"ఏరా, ఏమైంది?"

గడప అవతలి నుంచి వంటవాడు పళ్ళెం పట్టుకుని గోలపెట్టాడు. "ముద్రలు కావాలంటున్నారు ప్రభూ. పెద్దమంత్రిగారు ముందు చిన్నమంత్రిగారిని వెయ్యమంటున్నారు. చిన్నమంత్రిగారు ముందు వేస్తే పరువు పోతుందంటున్నారు."

"నేను రాజుని" అన్నారు రాజుగారు.

కాపలావాడు వంగి దణ్ణం పెట్టాడు. "అవును ప్రభూ. కానీ తమరు కూర్చుంది పడమర. గారెలేమో తూర్పువి."

పొద్దు వాలింది. గారెలు చల్లారాయి. మైలారప్పకు కబురు వెళ్ళింది.

"ఆ రాయి తీయించు."

"గీత వంగదని దండోరా వేయించారు కదా ప్రభూ."

"నాకు ఆకలవుతోందిరా."

"కొసపాలేనికి దాహమవుతోంది ప్రభూ. దానికి మండలి వారు చూసిన ఉపాయం ఇక్కడా చేద్దాం. గడప మీద ఐకమత్య స్తంభం ఒకటి నిలబెడతాను. అటు నుంచి వంటవాడు, ఇటు నుంచి తమరు, ఇద్దరూ దణ్ణం పెట్టుకోండి. గారెల సంగతి వచ్చే ప్రణాళికలో చూద్దాం."

రాజుగారి మొహం కందగడ్డ అయింది. అంతలో ఆయన కడుపు గుర్రుమంది, కాపలావాళ్ళకు కూడా వినబడేంతగా. దాంతో ఆయనకే నవ్వొచ్చి, విస్తరి ముందు పొట్ట పట్టుకుని నవ్వారు. అప్పటికప్పుడు గీత రద్దు. మైలారప్పకు పట్టుశాలువా. ప్రజలు కాలువలో దిగవచ్చని కొత్త దండోరా.

ఇక్కడితో ఆపితే కథ బాగానే ఉంటుంది. కానీ వారం పోయాక మైలారప్ప శాలువా కప్పుకుని కాలువకు వెళ్ళాడు.

గీత ఉన్నన్నాళ్ళూ ఇద్దరు మంత్రులూ ఊరుకున్నారా? పడమటివాళ్ళు నీళ్ళదొంగలని ఒకాయన, తూర్పువాళ్ళు సోమరిపోతులని ఒకాయన చాటింపు వేయిస్తూనే ఉన్నారు. జనం నమ్మారు. మొగదలపాడు వాళ్ళు పైనుంచి తవ్వుకుంటూ వచ్చి, సరిహద్దు రాయి పీకేసిన చోటికి కాస్త ముందే పార ఆపి గట్టెక్కారు. కొసపాలెం వాళ్ళు కిందినుంచి వచ్చి వాళ్ళూ అలాగే కాస్త ముందే ఆపి అవతలి గట్టెక్కారు. నడుమ ఎద్దంత మట్టిదిబ్బ మిగిలింది. నీళ్ళు అక్కడిదాకా వచ్చి వెనక్కి తిరుగుతున్నాయి.

"అది మీ వైపుది" అన్నారు వీళ్ళు. "కాదు, మీదే" అన్నారు వాళ్ళు. బావా అన్నవాడు లేడు.

మైలారప్ప శాలువా మడిచి గట్టున పెట్టాడు. పంచె ఎగ్గట్టి దిగాడు. ఎవరిదో పార తీసుకుని దిబ్బను తవ్వడం మొదలుపెట్టాడు.

"అయ్యా," అని అడిగాడొకడు పైనుంచి, "ఇంతకూ తమరు ఏ వైపు వారు?"

ముసలాయన ఇంకో పార మట్టి ఎత్తి గట్టున పోశాడు. పొద్దుగూకేసరికి దిబ్బ తెగి నీళ్ళు కొసపాలెం దారి పట్టాయి. అప్పటిదాకా రెండూళ్ళ వాళ్ళూ చెరో గట్టున నిలబడి ఆయన తవ్వడం చూస్తూనే ఉన్నారు. ఆ ఏడు వాళ్ళు కలిసి చేసిన పని అదొక్కటే.