మూడు మూలల ఉట్టి

ఒరే గోపీ, ఏమే మృదులా, ఆ దుప్పటి లాక్కోవడం ఆపి ఒక్క మాట చెప్పండి. మూడు మూలలున్న చెక్కని ఒకే తాడుతో వేలాడదీయాలంటే చిల్లు ఎక్కడ పెట్టాలి? మధ్యలోనా? మధ్యంటే ఎక్కడ? చూశారా, ఇద్దరూ చెరో చోటు చూపించారు. నలుచదరపు పీటకైతే ఎవరైనా చెబుతారు, మూడు మూలలతోనే వచ్చింది చిక్కంతా. బళ్ళో ఈ పాఠం చెప్పీ చెప్పీ నా గొంతు అరిగిపోయింది గానీ, పున్నమ్మ కథ చెబితే తప్ప ఒక్కడికీ ఎక్కేది కాదు. ఉండండి, కాళ్ళు చాపుకోనివ్వండి. పొద్దున్నుంచీ నిలబడే ఉన్నాను. ఆ, ఇక ఊ కొట్టండి.

అనగనగా ఒక ఊళ్ళో, ఆ ఊరికి పేరు మీరే పెట్టుకోండి, పాడి గల ఇల్లొకటి. ఆ ఇంట్లో ముగ్గురు కోడళ్ళు. పెద్దకోడలు రత్తమ్మ, నడిపికోడలు మంగమ్మ, చిన్నకోడలు పున్నమ్మ. మామగారు సోమయ్యకి న్యాయం అంటే ప్రాణం. తలుపు చెయ్యగా మిగిలిన టేకు చెక్కని మూడు మూలలుగా కోసి ఉట్టి చేశాడు. ఒక్కో మూల కింద, చెక్కకి ఆనించి బిగించి కట్టిన ఒక్కో కోడలి పెరుగు కుండ. కోడళ్ళ మధ్య తేడా రాకూడదని తాడు పట్టి కొలిచి, మూడు మూలలకీ సమానమైన దూరంలో చిల్లు పొడిచాడు. అందులోంచి తాడు దూర్చి, కింద ముడేసి, దూలానికి కట్టాడు.

చెక్క మాత్రం అన్ని పక్కలా సమానం కాదర్రా. రెండు మూలలు సూదిగా సాగి ఉన్నాయి, మూడోది మొద్దుగా, పీట మూల కన్నా కాస్తే ఇరుకుగా ఉంది. ఆ మొద్దు మూల ఎవరికొచ్చిందో చెప్పాలా? ఆఖర్న వచ్చిన కోడలికి.

ఇక ఆ రోజు నుంచీ అదే వరస. ఉట్టి వంగింది, కుండ వంగింది, పెరుగు ఒలికింది, పున్నమ్మ మాట పడింది. కాస్త తక్కువ పోసి చూసింది పాపం, ఉట్టి నిలబడింది. కానీ అత్తగారు కుండలోకి తొంగి చూసి, మిగతా పెరుగు ఏ పిల్లి తాగిందే అని నిలదీసింది. మళ్ళీ నిండా పోసింది. ఉట్టి వంగింది, కుండ వంగింది, పెరుగు ఒలికింది... ఊ కొడుతున్నారా, నిద్రపోయారా?

పెరుగు పోతే పోయింది. అసలు బాధ అట్లతద్దికి. కోడళ్ళు పుట్టిళ్ళకి వెళ్ళే పండగ కదా. ముగ్గురూ వెళ్ళిపోతే గొడ్లనెవరు చూస్తారు? అందుకని అత్తగారు ఒక కట్టడి పెట్టింది. పండగ నాటికి ఎవరి మూల వంగి ఉంటే వాళ్ళు ఆగిపోవాలి, అది శ్రద్ధ లేని చెయ్యి అని. రత్తమ్మ వెళ్ళేది, మంగమ్మ వెళ్ళేది. పున్నమ్మ పేడ తీసేది, పాలు పితికేది, చల్ల చిలికేది. పెళ్ళయ్యాక అమ్మ మొహం చూడలేదు. మొదట్లో ఏడ్చేది. తర్వాత ఏడవడానికి ఓపిక లేక మానేసింది.

ఆ ఏడు పండగ ముందు ఉట్టి దించి కడిగే పని కూడా తన మీదే పడింది. కడిగిన చెక్కని ఎక్కడ ఆరబెట్టాలో ఆలోచించే ఓపిక లేక, నేల మీదున్న కవ్వం కర్ర మీదే పడేసి గోడకి జారగిలబడింది. చెక్క ఇటు ఒరిగింది. జరిపింది. అటు ఒరిగింది. ఇంకాస్త జరిపింది. ఈసారి నిలిచింది! కర్ర తన మూల కింద మొదలై ఎదుటి అంచు మధ్యలోకి పోతోంది. మధ్యేనా? ముగ్గు వేసే చెయ్యి కదా, అనుమానం వస్తే ఆగదు. దారంతో ఆ అంచు కొలిచి, దారాన్ని రెండుగా మడిచి చూసింది. సరిగ్గా మధ్యే. దారానికి పసుపు రాసి, మూల నుంచి ఆ మధ్యకి బిగబట్టి టప్పున కొట్టింది. గీత పడింది. రత్తమ్మ మూల నుంచి ఎదుటి అంచు మధ్యకి ఒక గీత, మంగమ్మ మూల నుంచి మరో గీత. మూడు గీతలూ ఒక్కచోటే కలిశాయి!

మీ పుస్తకంలో ఆ గీతల్ని మధ్యగతాలంటారు, అవి కలిసే చోటుని గురుత్వ కేంద్రం అంటారు. పున్నమ్మకి ఆ పేర్లు తెలియవు. ఆ చోటు కింద వేలు పెట్టి ఎత్తింది. చెక్క వేలి మీద పీటలా కూర్చుంది. మామగారి చిల్లు దగ్గర పెడితే తన మూల కిందకి పోయింది. తన తప్పేం లేదని తెలిశాక ఆ పిల్ల అప్పుడు ఏడ్చింది.

మామగారిని పిలిచి, చిల్లు ఈ పసుపు గుర్తు దగ్గర ఉండాలంది. ఇంకేముంది, ఇల్లంతా వచ్చింది.

"నేను తప్పు కొలిచానంటావా అమ్మాయ్?" అని సోమయ్య తాడు తీశాడు. మూడు మూలలకీ దూరం సమానంగానే ఉంది.

"తప్పు కొలవలేదు మామయ్యా. కొలవాల్సింది అది కాదు."

రత్తమ్మ బుగ్గ నొక్కుకుంది. "తెలివి చూశారా అత్తయ్యా! గుర్తుని తన మూల దగ్గరికి లాక్కుంది."

నిజమేనర్రా, కొత్త గుర్తు పున్నమ్మ మూలకే దగ్గర. చూసేవాళ్ళకి అన్యాయంలాగే ఉంటుంది. అత్తగారి మొహం ముడుచుకుంది. పున్నమ్మ గొంతు పెంచలేదు, అంత ఓపిక లేదు. దారం అత్తగారి చేతికే ఇచ్చి, ప్రతి గీతనీ కొలిచి చూడమంది. మూల నుంచి గుర్తు దాకా రెండు వంతులు, గుర్తు నుంచి అంచు దాకా ఒక వంతు. రత్తమ్మ గీతా అంతే, మంగమ్మ గీతా అంతే, పున్నమ్మ గీతా అంతే.

"నాకో లెక్కా, అక్కయ్యకో లెక్కా పెట్టలేదత్తయ్యా. నా గీతే పొట్టిది."

సోమయ్య లోపలికెళ్ళి ఉలి తెచ్చుకుని, గుర్తు దగ్గర కొత్త చిల్లు పొడిచాడు. మూడు కుండలూ సమానంగా నింపి కట్టారు. ఉట్టి నిలిచింది, కుండ నిలిచింది, పెరుగు నిలిచింది, రత్తమ్మ నోరు కూడా నిలిచింది.

మరి పండక్కి ఎవరు ఆగాలి? ఎవరి మూలా వంగలేదాయె! అత్తగారు కొంగు బిగించి, గొడ్లని నేను చూసుకుంటాను, ముగ్గురూ పొండి అంది. అట్లు పోసి మూటకట్టి, పున్నమ్మ చేతిలో ముందు పెట్టింది.

పున్నమ్మ పుట్టింటికెళ్ళి ఏం చేసిందో తెలుసా? ఉయ్యాల ఊగలేదే మృదులా. ఆడలేదు, పాడలేదు. వాళ్ళమ్మ ఒళ్ళో తలపెట్టి నిద్రపోయింది. లేపకండర్రా, పడుకోనివ్వండి అని వాళ్ళమ్మ ఉయ్యాల దగ్గరి పిల్లల్ని కసిరింది. అందరూ సుఖంగా ఉన్నారు, అందులో పున్నమ్మ మరీ సుఖంగా ఉంది.

అందుకే నాన్నా, ఎవరికైనా పంచేటప్పుడు తాడుతో కొలిస్తే సరిపోదు, మోసేవాళ్ళ భుజం కూడా చూడాలి. ఏరా గోపీ, ఊ లేదేం? పడుకున్నావూ?

సరే, కథ కంచి దారి పట్టింది, నేను వంటింటి దారి పడతాను. పాలు ఇంకా తోడు వెయ్యలేదు. చల్లారిపోయాయో ఏమో, మళ్ళీ గోరువెచ్చ చెయ్యాలి.