గోడ మీద ఎవరి తాత?

రండమ్మా, దగ్గరికి జరగండి. దేవుడికి దండం పెట్టుకున్నారా? అయితే వినండి.

అనగనగా శ్రీకాకుళం కొండల మీద, ఒక సవర ఊళ్ళో, ఇద్దరు తోడికోడళ్ళు. పెద్దది బుదాయి, చిన్నది లక్కాయి. ఇద్దరూ గోడల మీద బొమ్మలు గీసేవాళ్ళే. మనం దేవుడి పటం ముందు దీపం పెడతామే, అలాగే ఆ ఊరివాళ్ళు పోయిన పెద్దల బొమ్మని ఎర్రమట్టి గోడ మీద బియ్యప్పిండితో గీయించుకునేవాళ్ళు. ఆ బొమ్మే పోయినవాళ్ళకి ఇల్లు. పండగనాడు వచ్చి అందులో కూర్చుంటారని నమ్మకం.

లక్కాయి గీస్తే "అచ్చం మా అమ్మే!" అని జనం ఏడ్చేవాళ్ళు. బుదాయి గీస్తే "బాగుంది" అని పోయేవాళ్ళు. ఆ "బాగుంది" వింటే బుదాయికి కడుపులో కారం పోసినట్టుండేది.

'దాని పిండిలో ఏదో ఉంది' అనుకుని, లక్కాయి పిండి దోసెడు దొంగిలించి గీసింది. "బాగుంది" అన్నారు. ఆ తర్వాత, లక్కాయి చివర నమిలి కుంచెలా చేసుకున్న వెదురుపుల్ల ఎత్తుకొచ్చింది. మళ్ళీ "బాగుంది." కోపమొచ్చి పుల్లని పొయ్యిలో పెట్టింది. పాపం, లక్కాయి ఇంకో పుల్ల నమిలింది.

అప్పుడు అదే ఊళ్ళో ఉండే సుక్రమ్మ అవ్వ బుదాయిని పిలిచింది. "ఎల్లుండి పండగ. మా ముసిలాయన ఈ ఏడే పోయాడు. లక్కాయి పుట్టింటికెళ్ళిందట. నువ్వైనా గీయవే" అంది.

నువ్వైనా! ఆ మాట ముల్లులా దిగింది. ఈసారి అవ్వని ఏడిపించలేకపోతే ఇక పుల్ల ముట్టనని బుదాయి ఒట్టు పెట్టుకుంది. నిప్పు కావాలనే వంకతో ఊరిపెద్ద ఇంటికెళ్ళి, అక్కడ లక్కాయి గీసిన ఆయన తండ్రి బొమ్మని గీత గీతా బుర్రలో పెట్టుకుంది. గుర్రం, మీసం, గొడుగు. అంతా తెచ్చి అవ్వ గోడ మీద దించేసింది.

అవ్వ చూసింది. "ఓలమ్మో! ఈడెవడే?"

"మీ ముసిలాయనే అవ్వా."

"మా ఆయన గుర్రాన్ని చూస్తే చెట్టెక్కీసేవోడే! ఈడు ఊరిపెద్దోళ్ళ నాన్న కదే! పరాయి మొగోణ్ణి తెచ్చి నా ఇంట్లో కూకోబెడతావేటి? మరి మా ఆయనొస్తే ఎక్కడ కూకుంటాడు, వాకిట్లోనా?"

బుదాయి తల దించుకుంది. "లక్కాయైతే బాగా గీసేదిలే" అంది ఉక్రోషంగా.

"అది ముందు గీయదే. కూకుని అడుగుద్ది. నువ్వు ఒక్క మాటైనా అడిగావా?"

అప్పుడు బుదాయి ఆ బొమ్మ మొత్తం మీద ఎర్రమట్టి పూసేసింది. అవ్వ పక్కన చతికిలబడి, "తాత ఎలా ఉండేవోడు అవ్వా?" అంది.

అవ్వ చెప్పింది. ఎడంకాలు కుంటట. మేకపిల్లని మెడ చుట్టూ వేసుకు తిరిగేవాడట. అవ్వకి కోపమొస్తే కందిచేలో దాక్కునేవాడట. పొద్దు వాలేదాకా చెప్పింది.

మర్నాడు బుదాయి గీసింది. నిండా కందిచేను. అందులోంచి పైకి రెండు మేకచెవులు. వాటి పక్కన, భయం భయంగా, తాత బట్టతల.

అవ్వ గోడకి చెయ్యి ఆనించింది. "ఇక్కడ దాక్కున్నావా!" అని బావురుమంది.

పండగనాడు లక్కాయి వచ్చి చూసింది. చాలాసేపు చూసింది. మూతి ముడుచుకుంది. "అక్కా, ఆ చెవులు నాకెందుకు తట్టలేదే?"

బుదాయికి నవ్వొచ్చింది. జరిగి పక్కన చోటిచ్చింది. "కూకో. అవ్వ ఇంకా చెబుతోంది."

విన్నారా బంగారాలూ? ఈ ఒక్క పని గుర్తుపెట్టుకోండి. రేపు ఇంట్లో పెద్దవాళ్ళ పక్కన కూర్చుని, పోయినవాళ్ళ గురించి "ఎలా ఉండేవారు?" అని అడగండి. చెప్పడం అయ్యేదాకా లేవకండి.

కథ పోయె కంచికి,
కునుకొచ్చె కంటికి,
మనం పోదాం ఇంటికి.